బియ్యంలో రాసిన పేరు

కొత్త ఫ్లెక్సీ చుట్ట విప్పితే కిరసనాయిలూ కాలిన ప్లాస్టిక్కూ కలిసినట్టు ఒక ఘాటు వాసన వస్తుంది. తల నొప్పి తెప్పించే ఆ వాసన మా ముందుగదిని మూడు రోజులు వదల్లేదు. గులాబీ రంగు మబ్బులు, మబ్బుల మీద ఉయ్యాల, ఉయ్యాలలో ఎవరి పిల్లో తెలియని ఒక తెల్లటి పాప, కింద నా పేరు, నా భార్య హారిక పేరు, పిల్లను ఉయ్యాలలో వేసి పేరుపెట్టే తొట్టెల ఎప్పుడో ఆ తేదీ, భోజనాల వేళ. మధ్యలో మాత్రం ఖాళీ. మా అమ్మాయి పేరు ఇంకా ఖరారు కాలేదు కాబట్టి నిజామాబాద్ బస్టాండు దగ్గరి ప్రింటింగ్ షాపతను అక్కడ తెల్లగా వదిలేసి, పేరు తేలినాక స్టిక్కర్ అంటిస్తానన్నాడు. వస్తూ పోతూ ఆ తెల్ల జాగా చూసినప్పుడల్లా నాకు ఒళ్ళు మండేది.

నేను పాలిటెక్నిక్‌లో ఎలక్ట్రికల్ చదివి సబ్‌స్టేషన్‌లో పని చేస్తున్నాను. ఏ సంగతైనా వరుసగా కాగితం మీద రాసుకుంటే తప్ప నా బుర్రకెక్కదు. మా వీధిలోనూ చుట్టాల్లోనూ ఈ మధ్య పుట్టిన ఆడపిల్లల పేర్లన్నీ అలాగే రాసుకున్నాను. హన్విక, ధన్విక, తన్విక, సాన్విక, రిషిక, క్రిషిక, యాన్షి, ఇహాన్వి. తయారుచేసే పద్ధతి తెలుసుకోవడానికి పెద్ద చదువు అక్కర్లేదు. పంతులు చెప్పిన అక్షరం ఒకటి, తల్లి పేరులోంచి ఒక ముక్క, తండ్రి పేరులోంచి ఒక ముక్క, చివర ఒక ‘విక’ గానీ ‘షిక’ గానీ ‘వి’ గానీ. ఆ మీద అంకెలు చూసేవాడు ఇంగ్లీషులో ఒక ‘ఎ’ ఎక్కువ పెట్టమంటాడు. అర్థం ఏమిటని ఫోన్లో వెతికితే అన్నింటికీ లక్ష్మీదేవి అనే వస్తుంది. తనకు ఇన్ని పేర్లున్నాయని లక్ష్మీదేవికైనా తెలుసో లేదో. హారిక తేల్చిన పేరు మిహర్వి. ‘మి’ పంతులుది, ‘హ’ ఆమెది, ‘ర’ నాది, ‘వి’ ఊరందరిదీ. ఈ పేరుకైతే ఫోన్లో లక్ష్మీదేవి కూడా దొరకలేదు. అర్థం లేకపోతే ఏమైంది, చెవికి బాగుంది, మన పిల్లకు తప్ప లోకంలో ఎవరికీ లేదు అని హారిక వాదన. ఎవరికీ లేనిది పేరెలా అవుతుందని నా కోపం. ఎందుకంటే నా దగ్గర వేరే పేరు ఉంది. అది మా అమ్మ పేరు. అందరూ పిలిచే పేరు కాదు, ఆమె అసలు పేరు. దాన్ని నా కూతురికి పెట్టి, ఎప్పుడో గుంజుకున్నది అమ్మకు తిరిగి ఇప్పించాలని నేను చాలా ఏళ్ళుగా అనుకుంటున్నాను.

మా చిన్నప్పటి ఇల్లు రెండు గదులు. ముందుగది బీడీలది. వానాకాలం పొద్దున్నే తడిపిన తునికాకు గోనెసంచిలో చుట్టి గోడవారన పెడితే ఆ పచ్చి వాసన, చాటల్లోంచి లేచే తంబాకు దుమ్ము, వెనక పొయ్యి మీద కాలుతున్న జొన్నరొట్టె వాసన మూడూ కలిసి వచ్చేవి. బయటివాళ్ళు తుమ్ముతూ వచ్చి తుమ్ముతూ పోయేవారు, మాకు మాత్రం తుమ్మే రాకపోయేది. మా నాయినమ్మ గడప పక్కన కాళ్ళు బారజాపి, ఒళ్ళో చాట పెట్టుకుని, చేతుల వంక చూడకుండానే ఆకు చుట్టి, దారం కట్టి, మూతి మడిచి పడేసేది. ఆమె పేరు గంగవ్వ. పక్కిళ్ళ పోశవ్వ, లింగవ్వ, నర్సవ్వ, భూమవ్వ తమ తమ చాటలు పట్టుకుని మా ఇంటికే వచ్చి కూర్చునేవారు. మేము పిల్లలం కత్తిరించగా మిగిలిన ఆకు ముక్కలు ఏరుకుని, వాటిని నోట్లనుకుని కచ్చకాయలు కొనేవాళ్ళం, అమ్మేవాళ్ళం. విసుగొస్తే బయటికి పోయి చిర్రగోనె ఆడేవాళ్ళం. ఆ ఆడవాళ్ళ నవ్వులన్నీ ఎక్కువగా మా అమ్మ మీదే. అమ్మను ఒక్క పిలుపుకు పలకదనేవారు. సుజాతా అని ఎవరైనా పిలిస్తే తలవంచుకుని ఆకు కత్తిరిస్తూనే ఉండేది. రెండోసారికో మూడోసారికో ఉలిక్కిపడి లేచేది. “దీని చెవుల్ల తంబాకు వోయిందా ఏంది?” అని నాయినమ్మ అంటే అందరూ నవ్వేవారు. నేనూ నవ్వేవాణ్ని. అమ్మకు కొంచెం చెవుడని చాలా రోజులు నమ్మాను.

అమ్మ పుట్టిల్లు బోధన్ అవతల చెరకు ఊళ్ళో. ఏడాదికి రెండుసార్లు వెళ్ళేవాళ్ళం. చలికాలంలో అయితే బోధన్ ఇంకా రాకముందే, కిటికీ అద్దం మూసి ఉన్నా సరే, చక్కెర ఫ్యాక్టరీ మడ్డి వాసన తియ్యగా, కుళ్ళినట్టుగా బస్సులోకి వచ్చి కూర్చునేది. రోడ్డు పొడుగునా బండ్లు, బండ్ల మీద మనిషి ఎత్తు చెరకు, వెనకనుంచి గడ గుంజుకుని ఉరికే పిల్లలు, వాళ్ళను మరాఠీలో తిట్టే బండివాళ్ళు. దసరాకు వెళ్తే చెరకు ఇంకా పొలంలోనే ఉండేది, లోపలికి పోతే ఆకులు చెంపలు కోసేవి. సద్దుల బతుకమ్మ నాడు అమ్మమ్మ మలీద ముద్దలు, సత్తుపిండి, నువ్వుల పొడి చేసి మోదుగాకు డొప్పల్లో పెట్టేది.

అక్కడే, నాకు తొమ్మిదేళ్ళప్పుడు, కాలువ గట్టు మీద మా మామను చూస్తూ నిలబడి ఉన్నాను. మామ అవతలి గట్టున చెరకుకు నీళ్ళు కడుతున్నాడు. అక్కణ్ణించే రెండు చేతులూ నోటికి అడ్డం పెట్టుకుని కేకేశాడు.

“గంగా! సద్ది తెస్తవా, నన్నే రమ్మంటవా?”

“తెస్తున్ననే అన్నా!” అని ఇంట్లోంచి అమ్మ గొంతు.

అంత దూరం నుంచి, ఒక్క పిలుపుకు. అట్లాంటి గొంతు మా ఇంట్లో నేను ఎన్నడూ వినలేదు. గంగ ఎవరని అమ్మమ్మను అడిగితే, గా మాత్రం తెల్వదారా అని ఆమె నవ్వి, సత్తుపిండి కలుపుతూనే అంతా చెప్పింది. అమ్మ పేరు గంగామణి. పెళ్ళి కుదిరినాక నాయినమ్మ ఒక్కటే పట్టు పట్టింది. తన పేరున్న కోడలిని ఎట్లా పిలవాలి, ఎట్లా తిట్టాలి, తన కొడుకు తల్లి పేరు పెట్టి పెళ్ళాన్ని ఎట్లా పిలుస్తాడు అని. మరాఠీ వాళ్ళ దగ్గర చూసి మా దిక్కు కొన్ని ఇళ్ళలో పట్టుకున్న పద్ధతి ఒకటుంది. పెళ్ళిలో ఇత్తడి పళ్ళెంలో బియ్యం పోసి, వేలి ఉంగరంతో పెళ్ళికొడుకు కొత్త పేరు రాస్తాడు. మా బాపు అట్లా సుజాత అని రాశాడు. నిజామాబాద్‌లో ఎదురింటి టీచరమ్మ పేరు అది, చదువుకున్నవాళ్ళ పేరు, అప్పటికి కొత్త పేరు. పంతులు ఇంకేదో మంత్రం మొదలుపెట్టాడు, అంతే, అయిపోయింది.

“మల్ల గా బియ్యమే కడిగి వండిండ్రు బిడ్డా,” అంది అమ్మమ్మ. “నేను గూడ తిన్న.”

మరుసటి ఏడు బడిలో ఒక ఫారం ఇచ్చారు. ఒక్కో అక్షరానికి ఒక్కో గడి. గడులంటే నాకప్పుడే ప్రాణం. తల్లి పేరు అన్న చోట గంగామణి అని రాశాను. అక్షరాలు గడుల్లో ఎంత బాగా కూర్చున్నాయో ఇప్పటికీ కళ్ళకు కడుతుంది. మూడో రోజు సారు రేషన్ కార్డుతో పోల్చి చూసి, ఇంట్లోవాళ్ళను తోలుకురమ్మన్నాడు. బాపు పనికి పోయి ఉంటే నాయినమ్మా అమ్మా వచ్చారు. నాయినమ్మ ఫారం చూపించమని అడిగి, చదవరాకపోయినా సారు చదివిన చోట వేలితో తడిమి, పోరడు తన పేరు రాశాడని, కోడలి పేరు సుజాత అని సారుకు చెప్పింది. నేను కాదన్నాను. ఇది అమ్మ పేరే, మామ ఇట్లాగే పిలుస్తాడు అన్నాను. సారు విసుగ్గా అమ్మ వైపు తిరిగాడు.

“నువ్వు చెప్పమ్మా. నీ పేరేంది?”

అమ్మ నన్ను చూసింది. తర్వాత నాయినమ్మను చూసింది. నాయినమ్మ కొంగు సర్దుకుంటూ నిలబడింది. గోడకు ఎక్కాల పట్టిక వేలాడుతోంది, అమ్మ దాని వైపు తిరిగింది.

“సుజాతనే సారు.”

సారు నా చేతికి బ్లేడు ఇచ్చాడు. నేనే గీకాను. ఎంత గీకానంటే మూడు గడులు చిల్లులు పడి, కింద బల్ల కనిపించింది. ఇంటికి పోయే దారిలో ఆ పేరు ఇంకెక్కడా రాయొద్దని అమ్మ నెమ్మదిగా చెప్పింది. కొట్టలేదు. కొట్టి ఉంటే నా మనసు కొంత కుదుటపడేదేమో.

నాయినమ్మ చెడ్డదని రాయలేను. ఎనిమిదో ఏట ఆకు పట్టిన మనిషి. పొలం లేదు, నగ లేదు, ఇల్లు తాత పేరు మీద. తనదని చెప్పుకోవడానికి ఆమెకు మిగిలింది ఆ పేరొక్కటే కావచ్చు. ఈ మాట నాకు నేను చాలాసార్లు చెప్పుకున్నాను, అయినా కోపం తగ్గలేదు. ఆ కోపంలో వేలు ఆడించి రాసిన బాపుకూ వాటా ఉంది, బ్లేడు పట్టిన నాకూ ఉంది.

నాయినమ్మ పోయి ఆరేళ్ళయింది. అందుకే తొట్టెలకు రెండు రోజుల ముందు, మధ్యాహ్నం అన్నాల దగ్గర, అందరూ వినేలా చెప్పాను. పిల్ల పేరు గంగామణి అని. హారిక చేతిలో ముద్ద అట్లాగే ఆగిపోయింది. అమ్మ కుండలోంచి నీళ్ళు ముంచుతోంది, చెంబు కుండలోనే ఉండిపోయింది. మాక్లూర్ నుంచి వచ్చిన బాపు అక్క, మా పెద్దత్త, అన్నం వదిలేసి కళ్ళొత్తుకుంది. తన తల్లి మళ్ళీ పుట్టిందని, మనుమడంటే ఇట్లా ఉండాలని, కడుపుల పెట్టుకుని చూసినందుకు నాయినమ్మ రుణం తీర్చుకున్నానని ఏడుస్తూ మెచ్చుకుంది. అది నాయినమ్మ పేరని కాదు, అమ్మ పేరని పెడుతున్నానని నేను గట్టిగానే అన్నాను.

“మీ అమ్మ పేరు సుజాత గదరా,” అని అత్త కన్నీళ్ళ మధ్యే నవ్వింది. “పట్టపగలే ఏమన్న తాగినవా?”

బాపు వైపు చూశాను. ఉంగరం వేలితో పళ్ళెంలో మెతుకులు ఒక పక్కకు నెడుతూ, గప్పుడు గట్లనే ఉండె, గిప్పుడెందుకు లొల్లి అన్నాడు. సాయంత్రంలోగా అత్త ఫోన్లు అందుకుని ఏడెనిమిది మంది చుట్టాలు నాకు ఫోన్ చేశారు. అందరిదీ ఒకే మాట, నాయినమ్మ పేరు నిలబెట్టావని. ఒక్కరు కూడా అమ్మ మాట ఎత్తలేదు.

అమ్మ వెనక దొడ్లో పిల్ల గుడ్డలు ఆరేస్తుంటే అక్కడికి పోయి, నువ్వన్నా వాళ్ళకు చెప్పు అని ఆమె మీదే అరిచాను. ఆమె గుడ్డ దులిపి, తీగె మీద వేసి, నాలుగు మూలలూ సాపు చేసింది.

“గా పేరు పెడితే అందరు మీ నాయినమ్మను యాదికి జేసుకుంటరు. నేనెవ్వలకు యాదికొస్త?” అంది. “కోడలు చెప్పిందే పెట్టు. గది ఎవ్వలకు లేదు గద? ఏ అత్తకుండది, ఏ దేవతకుండది. రేపు ఇది ఏ ఇంటికి వోయినా, ఈ పేరు నాది, నువ్వు తీసెయ్యి అనేటోళ్ళు ఉండరు.”

గడప దగ్గర హారిక పిల్లను ఎత్తుకుని నిలబడి ఉంది. షాపతనికి ఫోన్ చేసి ఆ నాలుగు అక్షరాలూ చెప్పాను. నాలుగు కాదు మూడని అతను సరిచేశాడు.

తొట్టెల నాడు పెద్దత్త మూతి ముడుచుకుని దూరంగా కూర్చుంది. అమ్మే తొట్టెల మీదికి వంగి, పిల్ల చెవిలో మూడుసార్లు ఆ పేరు చెప్పింది. పెసర్లు, బెల్లం పంచుతుంటే పక్కింటి భూమవ్వ గీ పేరుకు అర్థమేందని అడిగింది. “అర్థమెందుకక్కా, అది దాని పేరు,” అని అమ్మ ఇంకో పిడికెడు పెసర్లు ఆమె కొంగులో పోసింది. ఆ పేరు నాకు ఇప్పటికీ నచ్చలేదు. పిలిచేటప్పుడు నాలుక తడబడుతుంది. కానీ అట్లాంటి పేర్లు చేసుకుంటున్న తల్లులను చూసి నవ్వడం మానేశాను. వాళ్ళు దేని నుంచి తప్పించుకుంటున్నారో వాళ్ళకే తెలియకపోవచ్చు.

మర్నాడు డ్యూటీలో కూర్చుని ఒక కాగితం మీద ఇంకో వరుస రాశాను, అమ్మను గంగ అని పిలిచినవాళ్ళది. ఒకటి, తాత. నేను పుట్టకముందే పోయాడు. రెండు, అమ్మమ్మ. నా డిప్లొమా పరీక్షలప్పుడు పోయింది. మూడు, మామ. పోయిన ఎండాకాలం పోయాడు. ఫ్యాక్టరీ మూతపడ్డాక ఆ ఊళ్ళో చెరకు లేదు, అవతలి గట్టున ఇప్పుడు వరి. బాపు ఎన్నడూ ఆ పేరుతో పిలవలేదు, ఇప్పుడు పిలవమన్నా పిలవడు. కొడుకును కాబట్టి నేను పిలవకూడదు. ఇంటికి వచ్చి, ఇంకెవరైనా ఉన్నారా అని అమ్మను అడిగాను. ఆమె, చిన్నప్పుడు చెరకు బండ్ల వెనక తనతో ఉరికిన రుక్క అని ఒక జతగత్తె ఉండేదని, తన కంటే ముందే ధర్మాబాద్ అవతలికి, మరాఠీ ఊరికి ఇచ్చి పెళ్ళి చేశారని చెప్పింది. ఇప్పుడు ఫోన్లో ఎవరినైనా పట్టుకోవచ్చు, వెతికి మాట్లాడిస్తానని నేను జేబులోంచి ఫోన్ తీశాను.

“ఆడ రుక్కకు ఏం పేరు పెట్టిండ్రో నాకు తెల్వది,” అంది అమ్మ. “ఏ పేరు జెప్పి దేవులాడుతవ్ బిడ్డా?”