కలబంద డబ్బాల్లో ఒండ్రుమట్టి

నా భార్య పెంచిన కలబందలు చచ్చిపోయింది పక్కింటామె సబ్బునీళ్ల వల్ల కాదు. మా బూర్గంపాడు వీధిలో చాలామంది ఇప్పటికీ అలాగే అనుకుంటున్నారు. ఆ మాట పుట్టించింది నేను.

పాత పెయింటు డబ్బాల్లో ఇసుక, ఇటుకముక్కలు నింపి నా భార్య కలబంద, రణపాల పెంచేది. మొదటి కలబంద పిలక పక్కింటామె ఇచ్చిందే. గోడకు అటొకరు, ఇటొకరు నిలబడి పొద్దుగూకేదాకా మాట్లాడుకునేవారు. ఆపరేషన్ కోసం ఖమ్మం దవాఖానాకు పోతూ నా భార్య ఒక్కటే చెప్పింది.

"వాటికి నీళ్లు పొయ్యకు. ఎండినట్టు కనబడ్డా పొయ్యకు. నీ మిరపతోట కాదది."

ఆమెకు తోడుగా వాళ్ల చెల్లెలు ఉంది. నేను వెళ్లొస్తూ ఉండేవాణ్ణి. ఇంట్లో ఊరికే కూర్చోలేకపోయాను. గోదావరి వరద తీశాక మిగిలే ఒండ్రులో ఏది పెట్టినా లేవడం చిన్నప్పటి నుంచి చూసినవాణ్ణి. ఆ ఇటుకముక్కలు చూస్తే జాలేసింది. బండి మీద బస్తాల్లో ఒండ్రు తెచ్చి డబ్బాలన్నీ నింపాను. పొద్దునా సాయంత్రం నీళ్లు పోశాను. ఆమె వచ్చేసరికి గుబురుగా కనబడాలని నా ఆశ. మట్టలు ముందు ఉబ్బాయి. తర్వాత మొదళ్లు మెత్తబడి, పట్టుకుంటే చేతిలోకి ఊడొచ్చాయి.

ఇంటికి రాగానే, కుట్లు మానని కడుపు పట్టుకుని వాటి దగ్గరికే పోయింది.

"గిట్లెట్లయినయ్?"

"పక్కింటామె గోడ మీంచి సబ్బునీళ్లు పారబోసింది. బతుకుతయేమోనని మట్టి గూడ మార్చిన."

ఆమె కొట్లాడలేదు. పరామర్శకు వచ్చినవాళ్ల ద్వారా ఆ మాట వీధంతా పాకింది. గోడ దగ్గరికి పోవడం మానేసింది. "ఏంది వదినా, అలిగినవా? కొత్త పిలకలొచ్చినయ్, పట్టుకపో" అని పక్కింటామె పిలిస్తే లోపలికి వెళ్లిపోయేది. నేను మంచం మీద కూర్చుని వినేవాణ్ణి. రేపు చెబుదాంలే అనుకునేవాణ్ణి. జబ్బు తిరగబెట్టింది. చెప్పకముందే ఆమె పోయింది. శవం లేచేదాకా పక్కింటామె మా గేటు బయటే నిలబడింది.

మొన్న పక్కింటికి వెళ్లి నిజం చెప్పాను. చేపలు తోముతున్న ఆమె తల ఎత్తలేదు.

"ఏం తప్పు జేసిన్నో చెప్పమని ప్రార్థనల గూడ అడిగిన అన్నా."

"తప్పు నాది."

"నాకు జెప్తే ఏమైతది? ఆమె నన్ను అట్లనే అనుకొని పోయింది గద. మంది గూడ అట్లనే అనుకుంటున్నరు. వాళ్లకన్న చెప్పు."

వీధిలో కొందరికి చెప్పాను. "పోనీలే, అయిపోయిన ముచ్చట" అన్నారు. పక్కింటామెకు అయిపోలేదు. అందుకే ఇది రాశాను.