తాతకు తెలిసిన వాయిదా

మా తాత కుట్టిన పరుపు మీద బండరాయిని పడుకోబెడితే, తెల్లారేసరికి అది గురకపెడుతుంది. ఒట్టు. అంత పనిమంతుడికి కంటి మీద కునుకు లేకుండా చేసింది ఒక్క మాట.

దూది ఏకే మిషను కొనడానికి తాత ఒక బట్టల కొట్టు ఆసామి దగ్గర అప్పు చేశాడు. మిషను ఇల్లు చేరిన కొన్నాళ్లకే ఊళ్లోకి స్పాంజి పరుపులు దిగాయి. బేరాలు పడిపోయాయి, వడ్డీ మాత్రం పెరిగింది. ఆసామి కోర్టుకెక్కాడు.

కోర్టుకు వెళ్లిన ప్రతిసారీ తాత వరండాలో గోడకు ఆనుకుని, చొక్కాకు అంటిన దూది పోగులు ఏరుకుంటూ కూర్చునేవాడు. సాయంత్రానికి గుమాస్తా తల బయటపెట్టి "వాయిదా" అనేవాడు. అంటే ఇంటికి పొమ్మని. కోర్టు భాష మొత్తంలో తాతకు వచ్చిందీ, నచ్చిందీ ఆ మాటే.

చివరిసారి లోపలికి పిలిచారు. జడ్జిగారు కాగితంలోకి చూస్తూ ఏదేదో చదివారు. తాతకు చెవుడు లేదు గానీ, భయం వేస్తే చెవులు పనిచేయవు. ఆ గొణుగుడులోంచి "వాయిదా" అన్న ముక్క వినబడగానే ప్రాణం లేచొచ్చింది. దండం పెట్టి బయటపడ్డాడు.

"వాయిదా పడిందే!" అన్నాడు గుమ్మంలోనే.

"ఎన్నాళ్లకి?" అంది నాయనమ్మ.

"చెప్పలేదు. ఇక పిలవరేమో."

నాయనమ్మ నమ్మలేదు. నమ్మితే హాయిగా ఉంటుంది కాబట్టి ఊరుకుంది.

నెలలు గడిచాయి. ఒక పొద్దున కోర్టు అమీను, వెనకాల ఒక పోలీసు వచ్చి వాకిట్లో నిలబడ్డారు.

"పెద్దాయనా, బయల్దేరు. అరెస్టు వారెంటు," అన్నాడు అమీను.

"కేసు వాయిదా వేశారు కదండీ బాబూ!"

"వెయ్యలేదయ్యా, నీకే వాయిదాలిచ్చారు. నెలనెలా ఇంత కట్టమని. ఒక్కటైనా కట్టావా? నోటీసిస్తే సంతకం కూడా పెట్టావు."

"అదీ వాయిదా కాగితమే అనుకున్నా."

ఆ మాటకు రెండు నాలుకలున్నాయని ఆయనకు ఎవరూ చెప్పలేదు.

"ఇన్నేళ్లూ నన్ను చెవిటిమాలోకం అన్నావు," అంది నాయనమ్మ. ఎవరూ నవ్వలేదు.

"ఆగిపోయినవన్నీ ఇప్పుడు కడితే వదిలేస్తాను. లేదా జైలే," అన్నాడు అమీను.

తాత చొక్కా తొడుక్కున్నాడు. "పదండి. జైల్లోనూ పరుపులుంటాయిగా, ఎవరో ఒకరు కుట్టాలి." గుండీలు మాత్రం ఒకదాని కాజాలో ఒకటి పెట్టుకున్నాడు.

నాయనమ్మ వాటిని సరిచేయలేదు. కొంగు బిగించి, వీధి చివర పాత ఇనుము కొనేవాణ్ని వెంటబెట్టుకొచ్చింది. వాడు మోటారుకు వేరే, ఇనుముకు వేరే బేరమాడి మిషనును ముక్కలుగా విప్పి తూకం వేశాడు. తాత గోడవైపు తిరిగి కూర్చున్నాడు. అమీను డబ్బు లెక్కపెట్టుకుని రసీదు రాశాడు.

"వచ్చే నెలది మర్చిపోకు," అని వెళ్లాడు.

మిషను ఉన్నచోట ఇప్పుడు నూనె మరక ఉంది. దాని పక్కనే కూర్చుని తాత బెత్తంతో దూది కొడతాడు, దగ్గుతాడు, మళ్లీ కొడతాడు. నెలాఖరు దగ్గరపడేకొద్దీ దెబ్బల మధ్య దగ్గడానికి కూడా ఆగడు.

ఇదంతా రాసి, బండరాయి గురక దగ్గర్నుంచి ఆయనకు చదివి వినిపించాను.

"ఎలా ఉంది తాతా?"

"దీంతో వాయిదా తీరదు. ఆ దూది మూట ఇటు తొయ్యి."