బావిలో గొంతు

ఉదయం తొమ్మిదిన్నరకు కొత్త కంప్యూటర్ తెర మీద పన్నెండో వరుసలోని చిన్న గడి బూడిదరంగుకు తిరిగింది.

ఆ గడిలో ఉండాల్సింది ఒక ప్లగిన్. రికార్డింగ్ సాఫ్ట్‌వేర్‌కు తగిలించుకునే చిన్న ప్రోగ్రామ్ అది. మామూలు గొంతును లోతైన బావిలోంచి వచ్చినట్టు చేస్తుంది. తయారుచేసిన కంపెనీ మూతపడి తొమ్మిదేళ్లయింది. పిల్లల రేడియో సీరియల్లో బావి దయ్యం పదకొండేళ్లుగా దాంతోనే పలుకుతోంది. గొంతులూ శబ్దాలూ కలిపే మిక్సింగంతా చేసేది స్టూడియో యజమానికి వదిన. అక్కడ అందరూ ఆమెను చెవులమ్మ అంటారు.

ముందురోజు మరిది ఆమెతో మాటైనా చెప్పకుండా కంప్యూటర్‌నూ సాఫ్ట్‌వేర్‌నూ మార్చేశాడు; కొత్తదాంట్లో ఆ పాత ప్లగిన్ నడవదు. మార్చేముందు దయ్యం గొంతును బావి మోతతో సహా విడిగా రికార్డు చేసి దాచుకోవాలి. ఈ పనిలో మొదటి పాఠమే అది. మరిచిపోయాడు. ఇప్పుడు కొత్త ప్లగిన్ ఏదో తగిలించి, "విను వదినా" అన్నాడు.

చెవులమ్మ విని హెడ్‌ఫోన్స్ తీసేసింది.

"దయ్యం బావిలో లేదు, బాత్రూమ్‌లో ఉంది."

"పిల్లలకేం తెలుస్తుందిలే!"

"నీకు తెలియనివన్నీ వాళ్లకూ తెలియవనుకోకు."

"ఐదింటికి ఎపిసోడ్ పంపాలి. అప్పటికి నీది కాకపోతే నాదే వెళ్తుంది. రేపు పాత సామాన్ల బండి కూడా వస్తోంది."

పాత ప్లగిన్‌ను కొత్త సాఫ్ట్‌వేర్‌లో నడిపించే మధ్యవర్తి ప్రోగ్రామ్ ఒకటుంది. పెట్టి చూసింది. దయ్యం రెండు మాటలనగానే మొత్తం చతికిలబడింది. మూడుసార్లూ అదే వరస. చెవులమ్మ సామాన్ల గదిలోకి వెళ్లి, పారేయడానికి కట్టిపెట్టిన పాత కంప్యూటర్‌ను రెండు చేతులా ఎత్తుకొచ్చింది.

"మ్యూజియం పెడుతున్నావా వదినా?"

"మొదటి టికెట్టు నీకే. ఆ వైర్లందుకో."

గొంతు కొత్తదాంట్లోంచి పాతదాంట్లోకి వెళ్లి, బావి దిగి, మళ్లీ కొత్తదాంట్లోకి రావాలి. తొందరపెడితే కుదరదు. ఇరవై ఆరు నిమిషాల కథ ఇరవై ఆరు నిమిషాలూ నడిచింది. తీరా వింటే దయ్యం ప్రతి మాటకూ కాస్త వెనకబడుతోంది.

"చూశావా, నీ కంప్యూటర్ ముసలిదైపోయింది!"

"నేనూ అయ్యాను. నన్నూ బండెక్కిస్తావా?"

 ఆమె దయ్యాన్ని ముప్పై ఏడు మిల్లీసెకన్లు ముందుకు లాగింది. మరోసారి వింది. నాలుగూ నలభైకి ఎపిసోడ్ వెళ్లిపోయింది.

"మరి బండివాడికి ఏం చెప్పను?"

పాత కంప్యూటర్‌లో సాఫ్ట్‌వేర్ తనంతట తాను మారిపోకుండా చెవులమ్మ దాని ఇంటర్నెట్ వైరు ఊడబీకి హ్యాండ్‌బ్యాగులో పడేసుకుంది.

"ఖాళీగా పొమ్మను. సీరియల్ అయ్యేదాకా ఇది కదలదు, నేనూ కదలను."

సీరియల్లో ఇంకా ఇరవై రెండు ఎపిసోడ్లున్నాయి.