కోరం నింపిన కుర్చీ

యుద్ధాలు ఎప్పుడు మొదలయ్యాయో, ఒప్పందాల మీద ఎవరు సంతకాలు పెట్టారో రాసిపెట్టడానికి చరిత్రకారులున్నారు. కుర్చీలు కిర్రుమన్న సందర్భాలను రాసిపెట్టే నాథుడే లేడు. ఇది చిన్న లోపం కాదు. ఆ విశ్వవిద్యాలయంలో చెప్పుకోదగ్గ సంఘటనలన్నీ ఒక కుర్చీ కిర్రుమనడంతోనే మొదలయ్యాయి మరి.

పాలకమండలి సమావేశ మందిరంలో కిటికీ పక్కన ఉండేది ఆ కుర్చీ. అందులో కూర్చునేది రాళ్ల మాస్టారు. ఆయన భూగర్భశాస్త్రం ప్రొఫెసరు కాబట్టి విద్యార్థులు ఆ పేరు పెట్టారు. స్వభావానికి కూడా అతికినట్టు సరిపోవడంతో తోటి అధ్యాపకులు దాన్నే ఖాయం చేశారు. వాళ్ల ఓట్లతోనే ఆయన మండలిలో సభ్యుడయ్యారు. ఆయనకి కూర్చుని మాట్లాడటం చేతకాదు. కూర్చుంటే మాట పొట్ట దగ్గర మడతపడిపోతుందట. అందుకని మాట్లాడాలంటే లేవాలి. లేవాలంటే కుర్చీ చేతుల మీద అరచేతులు ఆనించి ఒక ఊపు ఊపాలి. ఊపితే కుర్చీ కిర్రుమనాలి. ఆ చప్పుడు చెవిన పడగానే వైస్ చాన్సలర్ మంచినీళ్ల గ్లాసు అందుకునేవారు. రిటైరైన జడ్జిగారు కళ్లజోడు తీసి తుడవడం మొదలుపెట్టేవారు. రిజిస్ట్రారు కలానికి మూత పెట్టేవాడు, ఇక రాసి లాభం లేదని.

మండలిలో లేచినంత తేలిగ్గానే మాస్టారు వీధిలోనూ లేచేవారు. విశ్వవిద్యాలయం వెనకాల ఒక గుట్ట ఉంది. దాన్ని ప్రభుత్వం ఒక కంకర కంపెనీకి రాసిచ్చింది. గుట్ట కింద గుడిసెలవాళ్లని ఖాళీ చెయ్యమంది. అప్పట్నుంచి ప్రతి శనివారం సాయంత్రం బస్టాండు దగ్గర మాస్టారు ఒక బల్ల ఎక్కి, జేబులోంచి గుట్ట రాయి ముక్క తీసి జనానికి చూపించేవారు.

"దీని వయసు ముందు మన మంత్రిగారి పదవీకాలం ఎంతో తెలుసా? తుమ్మంత! అదీ సగం వచ్చి ఆగిపోయిన తుమ్మంత!"

జనం నవ్వేవారు. మంత్రిగారు నవ్వలేదు. వైస్ చాన్సలర్‌కి ఫోను చేశారు. వైస్ చాన్సలర్ రిజిస్ట్రార్ని పిలిచారు. రిజిస్ట్రారు మెమో రాశాడు. "ప్రభుత్వ విధానాన్ని బహిరంగంగా విమర్శించినందుకు తమపై ఎందుకు చర్య తీసుకోరాదో తెలుపగలరు" అని. ఎందుకు తీసుకోరాదో మాస్టారు పదిహేడు పేజీల్లో తెలిపారు, గుట్ట పటంతో సహా. దాంతో ఆయన గది పోయింది. మెట్ల కింద, విరిగిన మైక్రోస్కోపులు పడేసే కొట్లోకి మార్చారు. మాస్టారు అందులోనే పాఠం చెప్పారు. విద్యార్థులు మెట్ల మీద వరసగా కూర్చుని విన్నారు. పైఅంతస్తు ఆర్థికశాస్త్రం వాళ్లకి దిగే దారి లేక వాళ్లూ విన్నారు.

ఇంతవరకూ సామాన్య విషయమే. ఎక్కడైనా జరిగేదే. చిక్కు ఏమిటంటే, ఆ రిజిస్ట్రారు మాస్టారికి స్వయానా బావమరిది. భార్యకి తోడబుట్టిన తమ్ముడు. ఆఫీసులో "శ్రీయుతులైన ప్రొఫెసరు గారికి" అని నోటీసు మీద సంతకం పెట్టి, ఎవరి చేతికిచ్చినా మాస్టారు తీసుకోరు కనక, సాయంత్రం తనే పట్టుకుని అక్కగారింటికి వచ్చేవాడు.

"బావా, ఇదిగో."

"ఏమిట్రా, మళ్లీనా? మొన్నటిదానికే ఇంకా జవాబు పూర్తి కాలేదు."

"తొందరేం లేదు బావా. కాకపోతే ఈసారి కాస్త పొట్టిగా రాయండి. చదవాల్సింది నేనే."

అక్కగారు టీ గ్లాసు తమ్ముడి ముందు ఠక్కున పెట్టేది. ఆవిడ ఆడపిల్లల హైస్కూల్లో లెక్కల టీచరు. మాటల్లో కూడా వృథా అంకెలు వేసేది కాదు. "మీ బావ ఉద్యోగం ఊడగొట్టడానికి వచ్చినవాడికి చక్కెర ఎన్ని చెంచాలురా?"

"ఒకటి చాలక్కా. షుగరొచ్చేలా ఉంది, ఈయన ఫైలు మోసి మోసి."

ఇలా కొన్నాళ్లు గడిచాక నగర సభలో గుట్ట లీజు మీద ఓటింగు రావాల్సి వచ్చింది. లీజుకి ఓటేస్తే జనానికి కోపం, వెయ్యకపోతే మంత్రికి కోపం. అందుకని సగం మంది సభ్యులు ఆ రోజు రాలేదు. ఒకడికి కడుపునొప్పి, ఒకడి బావగారికి పెళ్లిరోజు, ఒకడికి అసలు ఏదీ లేదు, ఊరికే రాలేదు. కోరం చాలక సభ వాయిదా పడింది. సభ నడవాలంటే కనీసం ఇంతమంది కూర్చుని ఉండాలన్న లెక్కనే కోరం అంటారు. ప్రజాస్వామ్యాన్ని పిర్రలతో కొలిచే పద్ధతి అది.

ఆ శనివారం మాస్టారు బల్ల ఎక్కి నిప్పులు కక్కారు. "ఓటుకి భయపడి ఇంట్లో దుప్పటి కప్పుకున్నవాడు పిరికిపంద! తనకి నష్టమొచ్చినా సరే, సభకి వెళ్లి కూర్చునేవాడే మనిషి!" చప్పట్లు బస్సుల హారన్లని మించిపోయాయి. మర్నాడు పేపర్లో బొమ్మతో సహా వచ్చింది.

మంత్రిగారు పేపరు చదివారు. వారం తిరక్కుండా పాలకమండలి సమావేశానికి పిలుపు వచ్చింది. మొదటి అంశం, రాళ్ల మాస్టారిని ఉద్యోగంలోంచి తొలగించడం. రెండో అంశం, సమావేశ మందిరం కుర్చీల మరమ్మతు.

ఈసారి బావమరిది టీ అడగలేదు. చెప్పులు విప్పడం కూడా మర్చిపోయి గుమ్మం దాటాడు.

"బావా, ఒక మాట. మండలికి ఈ నెలాఖరుతో గడువు అయిపోతుంది. రేపటి మీటింగు జరగకపోతే మళ్లీ పెట్టే వ్యవధి లేదు. మీ సంగతి అటకెక్కినట్టే."

"అయితే?"

"కోరానికి ఏడుగురు ఉండాలి. రేపు వచ్చేవాళ్లు ఆరుగురే. మిగతావాళ్లు, మీ మీద చెయ్యెత్తడం ఇష్టం లేక కొందరు, ఎత్తకపోతే ఏమవుతుందోనని కొందరు, ఊళ్లో ఉండటం లేదు." అతను గొంతు సవరించుకున్నాడు. "మీకు జ్వరం వచ్చే సూచనలేమైనా ఉన్నాయా బావా?"

మాస్టారు తన నుదురు తనే ముట్టుకుని చూసుకున్నారు. చల్లగా ఉంది. ఆ సంగతి ఆయనకే చిరాకు కలిగించినట్టుంది.

"ఏమండీ," అంది భార్య, "ఒక్కపూట ఇంట్లో కూర్చుంటే కొంపలేం మునిగిపోవు. వెళ్తేనే మునిగేది. కొంప కూడా వాళ్లదే, క్వార్టర్సు."

"మొన్న బల్ల ఎక్కి ఏమన్నానో విన్నావుగా?"

"విన్నాను. పిరికిపంద అన్నారు. ఆ మాట అనే ముందు ఇంట్లో ఒకసారి లెక్క చూపించాల్సింది."

"నా మాట నాకే వర్తించకపోతే, రేపు ఏ మొహం పెట్టుకుని బల్ల ఎక్కను?"

"ఇప్పుడున్న మొహమే పెట్టుకోండి. నేను చూడట్లేదూ?"

బావమరిది నవ్వబోయి, అక్క మొహం చూసి మానేశాడు.

మాస్టారు లోపలికి వెళ్లి, మర్నాడు చదవాల్సిన ఉపన్యాసం రాయడానికి కూర్చున్నారు. అది తన ఆఖరి ఉపన్యాసం కావచ్చునన్న ఊహ ఆయనని బాధపెట్టిన మాట నిజం. ఉత్సాహపరిచిన మాట కూడా నిజమే. అందులో గుట్ట పుట్టుక ఉంది, విశ్వవిద్యాలయం పుట్టుక ఉంది, రెండింటిలో ఏది గట్టిదో తేల్చే ఒక పేరా ఉంది. కానీ నడుమ నడుమ కలం ఆగిపోయేది. ఉద్యోగం పోతే రోడ్డు మీద ఎన్నిసార్లయినా మాట్లాడొచ్చు. పాఠం మాత్రం చెప్పడానికి లేదు. మెట్ల మీద కూర్చునే ఆ పిల్లలకి, రాయిని చేత్తో పట్టుకోగానే బరువుని బట్టి పేరు చెప్పడం ఇంకా సగమే వచ్చింది. మిగతా సగం ఎవరు చెప్తారు? ఈ ప్రశ్నకి ఉపన్యాసంలో చోటు దొరకలేదు.

పొద్దున్న లేచేసరికి భార్య చొక్కా ఇస్త్రీ చేస్తోంది. పెట్టె అదిమిన తీరు చూస్తే చొక్కా మీద కోపం ఏదో ఉన్నట్టుంది.

"వెళ్లమంటావా?"

"నేను అనలేదు. నలిగిన చొక్కాతో వెళ్లొద్దంటున్నాను. అక్కడ నా తమ్ముడుంటాడు, పరువు పోతుంది."

మాస్టారు మందిరంలోకి అడుగుపెట్టగానే ఆరు తలలు తిరిగాయి. వైస్ చాన్సలర్ ఆనందాన్ని దాచుకోలేకపోయారు. "రండి, రండి! మీకోసమే చూస్తున్నాం!" అన్నారు. ఇన్నేళ్లలో ఆయన మాస్టారికి అంత మర్యాదగా స్వాగతం చెప్పడం అదే మొదటిసారి. మాస్టారు కిటికీ పక్కన కూర్చున్నారు. రిజిస్ట్రారు తలలు లెక్కపెట్టి, బావ మొహం చూడకుండా, "ఏడుగురు. కోరం ఉందండి" అన్నాడు.

"మొదటి అంశం," అన్నారు వైస్ చాన్సలర్.

జడ్జిగారు కళ్లజోడు పెట్టుకున్నారు. "ఒక్క నిమిషం. ఎవరి మీద చర్చో వాళ్లు గదిలో ఉండకూడదు. నిబంధన. ఉంటే రేపు కోర్టులో నిలవదు."

"సరైన మాట," అన్నారు మాస్టారు. న్యాయమైన మాట ఎవరన్నా ఒప్పుకోవడం ఆయన బలహీనత. అరచేతులు ఆనించారు. కుర్చీ కిర్రుమంది. ఆయన బయటికి వెళ్లి తలుపు దగ్గరగా వేశారు.

లోపల మళ్లీ తలల లెక్క జరిగింది. తర్వాత బావమరిది గొంతు, ఎవరో పోయినప్పుడు కబురు చెప్పే గొంతు వినిపించింది. "ఆరుగురు. కోరం లేదండి."

"ఇప్పుడే ఉందన్నావు కదయ్యా!"

"ఇప్పుడే ఉందండి. ఇప్పుడే వెళ్లింది."

మాస్టారిని లోపలికి పిలిచారు. ఆయన కూర్చున్నారు. కోరం వచ్చింది. మొదటి అంశం అన్నారు. జడ్జిగారు దగ్గారు. కుర్చీ కిర్రుమంది. కోరం పోయింది. మళ్లీ పిలిచినప్పుడు మాస్టారు గుమ్మంలోనే ఆగి, నిజంగా సాయపడదామనే ఉద్దేశంతోనే అడిగారు. "ఒక కాలు లోపల, ఒక కాలు బయట పెడితే లెక్కలోకి వస్తానా?"

జడ్జిగారు చాలాసేపు ఆలోచించారు. "మనిషిని విభజించడానికి నిబంధనల్లో వీల్లేదు" అన్నారు.

"అయ్యా, మీరు లోపలే కూర్చోండి," వైస్ చాన్సలర్ గొంతులో బతిమాలుడు వచ్చేసింది. "చెవులు మూసుకోండి. లేనట్టే అనుకుంటాం."

"చెవులు మూసుకుంటాను. నోటి సంగతి హామీ ఇవ్వలేను."

"అది కోర్టులో నిలవదు," అన్నారు జడ్జిగారు మళ్లీ.

వైస్ చాన్సలర్ గ్లాసులో నీళ్లన్నీ తాగేశారు. మొదటి అంశం వాయిదా అన్నారు. ఎప్పటికి అని ఎవరూ అడగలేదు. నెలాఖరు ఎప్పుడో అందరికీ తెలుసు. రాసుకొచ్చిన ఉపన్యాసం మాస్టారి జేబులోనే ఉండిపోయింది. అది చదవడానికి సందర్భమేదీ మిగల్లేదు. ఆయన మొహంలో కాస్త నిరాశ కనబడిందని తర్వాత బావమరిది అక్కకి చెప్పాడు.

బయట విద్యార్థులు ఆయన్ని భుజాలకెత్తుకున్నారు. మెట్ల కింద కొట్టు తలుపుకి ఎవరో పూలదండ వేశారు. నిబంధనలనే వలగా పన్ని పాలకవర్గాన్ని పడగొట్టిన మహావ్యూహం అని పేపరు రాసింది. మాస్టారు ఆ ముక్క చదివి రెండు రోజులు ఇబ్బందిగా తిరిగారు. వ్యూహం మాట దేవుడెరుగు, తను బయటికి వెళ్తే లెక్క తగ్గుతుందన్న సంగతి తలుపు వేసే వరకూ ఆయనకి తట్టలేదు. ఇది తెలిసింది భార్యకి ఒక్కదానికే.

"ఏడులోంచి ఒకటి తీస్తే ఆరు," అంది ఆవిడ. "ఒకటో తరగతి పిల్లలకొచ్చు."

"నీ తమ్ముడికి ముందే తెలుసంటావా?"

"వాడికి లెక్కలు చెప్పింది నేనే," అని ఆవిడ వంటింట్లోకి వెళ్లిపోయింది.

తర్వాత కొత్త మండలి వచ్చింది. కొత్త వైస్ చాన్సలర్ వచ్చారు. ఫైలు ఎక్కడుందో రిజిస్ట్రారుకి గుర్తు రాలేదు. మాస్టారు మెట్ల కిందే పాఠం చెప్తున్నారు, ఆ ఏటి పిల్లలకి మిగతా సగం కూడా వచ్చింది. శనివారాలు బల్ల ఎక్కుతూనే ఉన్నారు. గుట్ట కేసు కోర్టులో నడుస్తోంది.

ఆ రోజు సమావేశంలో తీర్మానమైంది రెండో అంశం, కుర్చీల మరమ్మతు, ఒక్కటే. మాస్టారు కూడా చెయ్యెత్తడంతో అది ఏకగ్రీవంగా నెగ్గింది. మరుసటి వారం వడ్రంగి వచ్చి కిటికీ పక్క కుర్చీకి రెండు మేకులు కొట్టి వెళ్లాడు. ఇప్పుడది కిర్రుమనదు.