పరుపులోని మంచు

మొన్న ఆదివారం పొద్దున పరుపులు కుట్టే భాయ్ మా బోయిగూడ ఇంటి వాకిట్లో పాత పరుపు కుట్లు విప్పి, లోపల చెయ్యి పెట్టి టక్కున వెనక్కి తీసుకున్నాడు. దూదిలో అక్కడక్కడా ఎర్రగా ఉండకట్టిన ముద్దలు. ఒకసారి వాటినీ, ఒకసారి నన్నూ చూసి, "ఏందమ్మా ఇది? ఇంట్ల ఏమన్న గడ్‌బడ్ అయ్యిందా?" అన్నాడు గొంతు తగ్గించి. "అది రక్తం కాదు భాయ్, బెల్లం పాకం. ఈ దూది మంచు" అన్నాను. దాంతో అతని అనుమానం ఇంకా పెరిగింది. ఇక లాభం లేదని ఛాయ్ ఇచ్చి, కూర్చోబెట్టి, మొదటినుంచీ చెప్పాను.

పదిహేనేళ్ల కిందటి ఎండాకాలంలో మా చిన్నాయనకు, అంటే మా నాన్న తమ్ముడికి, సినిమా పిచ్చి ముదిరింది. అప్పటిదాకా పెళ్లి వీడియోలు తీసుకునే మనిషి ఉన్నట్టుండి హత్యల సినిమా తీస్తానన్నాడు. కథేమిటంటే, క్రిస్మస్ సెలవులకు ఐదుగురు స్నేహితులు మంచుకొండల్లో ఉన్న ఒంటరి చెక్క ఇంటికి వెళతారు. తెల్లగడ్డం, ఎర్రటోపీ పెట్టుకున్న క్రిస్మస్ తాత ఒకడు గొడ్డలి పట్టుకుని వాళ్లను ఒక్కొక్కరినే నరుకుతాడు. మా ఇంటాబయటా మంచు చూసిన పుణ్యాత్ములు ఒక్కరూ లేరు. ఫ్రిజ్‌లో గడ్డకట్టేదే మాకు తెలిసిన మంచు. అయినా మే నెల మండుటెండలో, కాప్రాలో ఒక స్నేహితుడి ఖాళీ కోళ్ల షెడ్డు గోడలకు పాత పెట్టెల చెక్కలు కొట్టి దాన్ని కొండమీది ఇల్లు చేశాడు. స్వెట్టర్లు తిరుమలగిరిలో ఫుట్‌పాత్ మీద దొరికాయి. మంచు కోసం మా ఇంట్లో పరుపులన్నీ విప్పేశాడు. పదిరోజులు చాపల మీద పడుకున్నాం, అందరికీ నడుములు పట్టేశాయి. చలిలో మాట్లాడితే నోట్లోంచి ఆవిరి రావాలి కదా, దానికి ప్రతి మాటకూ ముందు నటులచేత బీడీ పొగ పీల్పించాడు. జన్మలో బీడీ ముట్టని హీరో సగం సినిమా దగ్గుతూనే చేశాడు. తిట్టి తిట్టి అలిసిపోయిన మా నాయనమ్మ చివరికి రక్తం తయారీ తన చేతుల్లోకి తీసుకుంది. బెల్లం పాకంలో కుంకుమ, బీట్‌రూట్ రసం పోసి కలుపుతూ, "ఇండ్ల యాలకులు సుత ఎయ్యాల్నారా?" అని అడిగింది. చిన్నాయన నవ్వలేదు. ఆ పదిరోజులూ అతనికి నవ్వు రాలేదు.

ఇక మా మేనత్త. చిన్నాయనకు అక్క, బడిలో కుట్లూ అల్లికలూ నేర్పే టీచరు. చిన్నప్పుడు ఆమెకు బడి నాటకంలో రాణి వేషం వచ్చిందట. సరిగ్గా ఆరోజే నాయనమ్మకు జ్వరం, ఇంట్లో వంట చేసే దిక్కు లేదు. రాణి ఇంట్లోనే ఉండిపోయి కట్టెలపొయ్యి ఊదింది. తర్వాత కూడా ఆమెకు ఏదో ఒకటి అడ్డం పడుతూనే ఉంది. యాభై దాటాక తమ్ముడి దగ్గరికి వచ్చి, "ఒక్కసారి నన్ను సుత తెరమీద చూపియ్యి తమ్మీ" అని అడిగింది. అడుగుతుంటే ఆమె చెవులు ఎర్రబడ్డాయి, నాకు బాగా గుర్తు. తమ్ముడు ఆమెకు శవం వేషం ఇచ్చాడు. సినిమా చివర్లో ఆ చెక్క ఇంటి యజమానురాలు మంచులో చచ్చి పడి ఉంటుంది, కెమెరా ఆమె చుట్టూ మెల్లగా ఒక చుట్టు తిరుగుతుంది. అంతే. దూది ఒకసారి ఎర్రబడితే మళ్లీ తెల్లబడదు కాబట్టి ఆ షాటు ఒక్కసారే తీయాలి. మంచుగాలి కోసం స్టాండు ఫ్యాన్ తిప్పే పని నాది.

షాటు మొదలైన కాసేపటికి గోడవారనుంచి నల్లటి గండుచీమలు బారుగా బయల్దేరాయి. బెల్లం పాకం పోసి శవాన్ని పడుకోబెడితే రాక ఏం చేస్తాయి! అవి దూది దాటి అత్త మెడ మీదికి ఎక్కడం నేను చూశాను. అరిస్తే షాటు పోతుంది, ఊరుకుంటే మా అత్త పోతుంది. ఫ్యాన్ పట్టుకుని ఊరికే ఏడ్చాను. ఆమె రెప్ప కూడా కదల్లేదు. "కట్" అన్న మాట వినపడ్డాక మాత్రం ఒక్క ఎగురు ఎగిరి, "ఓరి నీ సినిమా పాడుగాను, పానం తీస్తివి గదరా!" అని షెడ్డంతా తిరిగింది. మెడ వాచిపోయింది. అయినా ఇంటికి వచ్చేదాకా ఆటోలో ఒకటే అడిగింది, ఎట్లా వచ్చిందని.

కంప్యూటర్‌లో చూస్తే బాగానే వచ్చింది, చీమలతో సహా. తెల్లటి మంచు మీద నల్లటి బారు కొట్టొచ్చినట్టు కనపడుతోంది. ఆ ముక్క తీసెయ్యమని స్నేహితులందరూ అన్నారు. తీసేస్తే అత్త సినిమాలోనే ఉండదు. బీడీ పొగ దగ్గర కూడా రాజీపడని మనిషి రెండురోజులు ఆ ముక్కనే మళ్లీ మళ్లీ వేసుకుని చూశాడు. మూడోనాడు అత్తే వచ్చి, "తీసెయ్ తమ్మీ. నా ఒక్కదాని కోసం నీ సినిమా ఆగం గావొద్దు" అంది. అంటూనే చూపు తిప్పుకుంది. చిన్నాయన మళ్లీ కంప్యూటర్ వైపు తిరిగాడు.

ఒక చిన్న హాలు అడిగి తీసుకుని, చుట్టాలకూ స్నేహితులకూ సినిమా చూపించారు. అత్త కొత్త చీర కట్టుకుని నా పక్కనే కూర్చుంది. తను ఉందో లేదో ఆమెకు తెలియదు, నాకూ తెలియదు. చివరికి మంచు వచ్చింది, అత్త వచ్చింది, వెనకాలే చీమలూ వచ్చాయి. హాలు హాలంతా పగలబడి నవ్వింది. "మంచుల చీమలేందన్నా!" అని ఎవరో అరిచారు. నాకు అత్త వైపు చూసే ధైర్యం లేకపోయింది. ఓరకంట చూస్తే ఆమె మాత్రం ముందుకు వంగి, కళ్లు పెద్దవి చేసుకుని చూస్తోంది. "అవి కదుల్తున్నయ్ గనీ, నేను జెర సుత కదిలిన్నానే?" అంది, వెనక వరుసకు కూడా వినపడేట్టు. ఆ నవ్వుల్లో అంత సంతోషంగా ఉన్న మనిషి ఆమె ఒక్కతే.

ఆ సినిమా ఇంకెక్కడా ఆడలేదు. చిన్నాయన మళ్లీ పెళ్లి వీడియోలకు వెళ్లిపోయాడు. నాకు మాత్రం ఒక ప్రశ్న లోపల తొలుస్తూనే ఉండి, ఒకసారి అతన్నే అడిగేశాను, నవ్వుతారని తెలిసీ ఎందుకు ఉంచావని. కెమెరా తుడుచుకుంటూ, "మంచు ఎట్లుంటదో నేను ఎన్నడు చూడలే బిడ్డా. మా అక్క ఎట్ల పండుకున్నదో చూసిన" అన్నాడు.

ఆ దూదిని పారేయడానికి నాయనమ్మ ఒప్పుకోలేదు. ఉతికి, ఎండబెట్టి, మళ్లీ పరుపుల్లోనే కుట్టించింది. అంతా విని భాయ్ ఒక ముద్ద వాసన చూశాడు. "మరి ఈ లాల్ దూది పారెయ్యాల్నా?" అన్నాడు. అత్తకు ఫోన్ చేశాను. ఇప్పుడు ఆమెకు చెవులు సరిగ్గా వినపడవు, రెండుసార్లు అరిచి చెప్పాల్సి వచ్చింది. "పారేస్తవా? అదేం మాటనే! నాకు మెత్త కుట్టియ్యి" అంది. భాయ్ ఆ ముద్దలన్నీ వేరుగా ఏరి, తలకింది మెత్తకు సరిపోతుందని చెప్పాడు. అసలు మంచు ఎన్నాళ్లుంటుందో చూసినవాళ్లే చెప్పాలి, మా మంచు మీద పదిహేనేళ్లుగా పడుకుంటున్నాం, అది ఇంకా కరగలేదు.