రేకుడబ్బాలో మా తాత

ఆ కాలంలో సినిమా ఫిల్ము అంటే చుట్టగా చుట్టిన మతాబు. రవ్వ తగిలితే చాలు, డబ్బాడు ఫిల్మూ భగ్గుమంటుంది. నీళ్లు పోసినా ఆరదు. రైలువాళ్లకు ఆ సంగతి తెలుసు కనుక మనుషుల పెట్టెలో ఎక్కనివ్వరు. సామాన్ల పెట్టెలో వేస్తే మద్రాసులో కడిగించేలోపే ఎండకు ఉడికిపోతుంది. నాకు ఏ కంపెనీ అండా లేదు. సొంత కెమెరా, సొంత చెయ్యి, సొంత ఆకలి. కర్నూలు పక్క పల్లెలో పీర్ల పండుగకు నిప్పుల గుండం తొక్కినవాళ్లను తీసిన ఫిల్మది. అది పోతే మళ్లీ పండుగ దాకా నా కోసం ఎవరూ నిప్పు తొక్కరు.

అందుకని డబ్బాను తడి గోనెలో చుట్టి, ఒళ్లో పెట్టుకుని, దొంగలా కూర్చున్నాను. నాలుగో తరగతిలో బడి వదిలేసినవాణ్ణి. రైల్లో మూడో తరగతి దక్కింది.

ఎర్రగుంట్లలో ఒక శనక్కాయల వ్యాపారి ఎక్కి, నా ఎదురుగా కూర్చుని బీడీ తీశాడు. నేను డబ్బాను పొట్టకేసి లాక్కున్నాను.

"ఈడ తాగొద్దన్నా."

"ఏమప్పా, రైలు మీ నాయన కట్టించినాడా?" అంటూ అగ్గిపుల్ల గీశాడు.

రవ్వ ఒకటి ఎగిరి గోనె మీద పడింది. చుయ్యిమనలేదు. నల్లటి మచ్చ పడింది. గోనె ఎప్పుడో ఆరిపోయిందని అప్పుడు తెలిసింది. పక్కన ఒకామె బిడ్డకు పాలిస్తోంది. నిజం చెబితే నన్నూ డబ్బానూ దించేస్తారు. చెప్పకపోతే అందరం బూడిద. బూడిద దగ్గరే నా బుద్ధి ఆగింది.

"అన్నా, దీంట్లో మా తాత అస్థికలుండాయి. రామేశ్వరం తీసకపోతాండా."

వ్యాపారి బీడీని కిటికీలోంచి విసిరేసి చెంపలు వేసుకున్నాడు. "ముందే చెప్పకూడదా? పెద్దాయన మొగాన పొగ వదిలించినావు గదప్పా నాతో!"

ఊపిరి పీల్చుకున్నానో లేదో, మూలనున్న అవ్వ కదిలింది.

"పెద్దాయన్ను గోనెలో తెస్తావా, అబ్బీ?"

"తాత రైతు అవ్వా. గోనె అంటే ప్రాణం."

"అయితే మాత్రం? దీపం లేకుండా ఎట్ల పంపేది?" అంటూ మూట విప్పి, డబ్బా మీద తమలపాకు పరిచి, దాని మీద ఇంత కర్పూరం పెట్టింది.

నేను చెయ్యి అడ్డం పెట్టాను. "వద్దవ్వా! తాత దగ్గుతో పోయినాడు. పొగ గిట్టదు!"

"దగ్గు ఒంటితోనే పాయ. కర్పూరం గొంతుకు శానా మంచిది."

పాప పరిహారం కోసం కాచుకున్న వ్యాపారి తానే అగ్గిపుల్ల గీశాడు.

నా ఒళ్లో డబ్బా, డబ్బా మీద ఎండిన గోనె, గోనె మీద ఆకు, ఆకు మీద మంట. లేస్తే ఒలికిపోతుంది. ఊదితే రవ్వలు లేస్తాయి. రైలు ఊగినప్పుడల్లా మంట గోనె వైపు నాలుక చాపుతోంది. అందరూ కళ్లు మూసుకుని దండాలు పెడుతున్నారు. పాలు తాగే బిడ్డ ఒక్కడే కళ్లు తెరిచి దాన్ని చూస్తున్నాడు.

హారతి అద్దుకునేవాడిలా చెయ్యి చాచి, అరచేతిని మంట మీద బోర్లించి నొక్కేశాను.

"తాతా!" అని అరుపు దానంతటదే వచ్చింది.

పెట్టెలో సగంమంది కళ్లు తుడుచుకున్నారు. "సూడండి, ఎంత ప్రేముండాదో!" అంది అవ్వ. మళ్లీ మూట విప్పబోయింది.

"చాలవ్వా," అన్నాను ఏడుస్తూ. ఆ ఏడుపు మాత్రం అబద్ధం కాదు.

అక్కడి నుంచి మద్రాసు దాకా వ్యాపారే తలుపు దగ్గర కాపలా నిలబడ్డాడు. బీడీతో ఎవడు ఎక్కబోయినా, "పెద్దాయన ఉండాడు లోపల, పారేసి రాప్పా!" అని గదిమాడు.

ఫిల్ము చక్కగా వచ్చింది. గుండం తొక్కిన పాదాలు తెర మీద ఒక్క బొబ్బ లేకుండా నడిచిపోయాయి. ఆ పక్కన నేను, కెమెరా తిప్పే చేతికి గుడ్డ చుట్టుకుని కూర్చున్నాను.