బొగ్గు ఆకలి

వీధిలో అందరూ ఆమెని మడత పిన్ని అనేవాళ్ళు. ఇస్త్రీ షాపు ఆమెది. కాలరు మీద చిన్న మరక కనిపించినా ముఖం చిట్లించి చొక్కా వెనక్కిచ్చేసేది. గ్లాసు రెండుసార్లు కడిగితే గానీ నీళ్ళు తాగని మనిషి. అలాంటి మనిషి ఇంటికి కూతురు ఒక నల్ల కుక్కపిల్లని తెచ్చి, బొగ్గు అని పేరు పెట్టింది.

ఏడాది బాగానే గడిచింది. ఒక ఉదయం పిన్ని పెరట్లో బట్టలు ఆరేస్తుంటే, బొగ్గు తను వేసిన పెంటని తనే ఆబగా తింటూ కనిపించింది. పిన్ని తడి బట్టలు అక్కడే పడేసి, తూము దగ్గర భళ్ళున కక్కుకుంది.

ఇక రోజూ అదే రోత. ఆ పెంట కూడా మామూలుగా ఉండేది కాదు. పాలిపోయి, నూనె జిడ్డుతో, కుప్పలు కుప్పలుగా, రోజుకి అయిదారుసార్లు. ఆ కంపు బట్టలకి పట్టేస్తుందేమోనని షాపు వెనక తలుపు మూసుకుని, చెమటలు కక్కుతూ ఇస్త్రీ చేసేది. పెంట మీద కారం చల్లి చూసింది. బొగ్గు కారంతో సహా తినేసింది. పిన్ని చెప్పు తీసి దాని మూతి మీద కొట్టింది. అది కుయ్యిమంటూనే మళ్ళీ అటే చూసింది.

"మూడు పూటలా మేపితే ఇంతే వదినా, కొవ్వెక్కింది" అన్నాడు మరిది, పళ్ళికిలిస్తూ.

"కొవ్వెక్కడుంది బాబాయ్? పక్కటెముకలు లెక్కపెట్టొచ్చు!" అంది కూతురు.

పిన్ని అప్పుడు చూసింది. గిన్నె నాకి నాకి మెరిపించే కుక్క ఎండుపుల్లలా ఉంది.

పిన్ని బొగ్గుని పశువుల డాక్టరమ్మ దగ్గరికి తీసుకెళ్ళి, ముక్కుకి రుమాలు అడ్డం పెట్టుకునే మాట్లాడింది. "దీనికి పాడు బుద్ధి పట్టిందమ్మా. మాన్పించే మందుంటే ఇవ్వండి."

డాక్టరమ్మ రక్తం తీసి పరీక్షకి పంపింది. వారం తర్వాత పిలిచి చెప్పింది.

"బుద్ధి కాదండీ, రోగం. తిండి అరగడానికి లోపల ఒక రసం ఊరాలి. దీనికది ఊరట్లేదు. తిన్నది ఒంటికి పట్టకుండా బయటికి పోతోంది. గిన్నె నిండా పెట్టినా పస్తులున్నట్టే. ఆకలికి ఆగలేక దాన్నే తింటోంది."

"నేను కొట్టానండీ" అంది పిన్ని.

డాక్టరమ్మ ఒక పొడి డబ్బా ఇచ్చి, ప్రతి పూటా తిండిలో కలపమంది, బతికినన్నాళ్ళూ మానొద్దంది.

ఆ పొడి తడి తగలగానే చెడిపోయిన మాంసం వాసన కొట్టేది. పిన్ని ఊపిరి బిగబట్టి కలిపేది. నెల తిరిగేసరికి బొగ్గు ఒళ్ళు చేసింది. పెంట వైపు వెళ్ళడం మానేసింది.

"ఏం వదినా, మీ పెంటకుక్క ఎలా ఉంది?" అంటూ మరిది మళ్ళీ వచ్చాడు. ఆ ఇకిలింపు చూస్తేనే ఆమెకి వెగటు పుట్టింది.

"దానికి రోగం కాబట్టి నయమైంది. నీ నోటికే మందు లేదు" అంది. కూర్చోమనైనా అనలేదు.

అలాగని బొగ్గంటే ముద్దొచ్చిందనీ కాదు. అది చెయ్యి నాకితే ఇప్పటికీ ఒళ్ళు జలదరించి, మోచేతి దాకా సబ్బు రుద్దుకుంటుంది. అయితే, ఆమె కిందికి వంగితే చాలు, కుక్క తోక ముడుచుకుని పక్కకి తప్పుకుంటుంది. అప్పుడు మాత్రం ఆమెకి తన మీద తనకే అసహ్యం వేస్తుంది. దాన్ని కడుక్కోవడానికి ఏ సబ్బూ లేదు.